వేటకు పరవానా

వేట యనగానే మనకు రాజులు స్ఫురింతురు. దుష్యంతుడు వేటకు బోయి శకుంతలను జూచెను. పాండురాజు వేటకు బోయి శాపము దెచ్చుకొనెను. తిరుమలలో కనుమనాడు మలయప్పస్వామి పార్వేటమండపమునకు వేంచేయును. స్వామి పక్షమున అర్చకులు అడవివంకకు బల్లెము విసరుదురు. వేట క్షత్రియవినోదమనియు, దైవలీల యనియు మనవారు తలచిరి గాని, అది యొకని పూటకూడు కావచ్చునని తలచినవారు తక్కువ.

శేషాచలపు చుట్టునుగల పల్లెలలో వేటను నమ్ముకొని బ్రతికినవారు యానాదులు, నక్కలవాండ్రు మొదలగువారు. వారి వేటలో ఏనుగుల అంబారీలు లేవు, తప్పెటలు లేవు. యానాదులు కోతలైన పొలములలో బొరియలు త్రవ్వి ఎలుకలను బట్టుదురు. ఎలుక దాచుకొన్న వడ్లను గూడ తీసికొందురు. నక్కలవాండ్రు వలపన్ని పూరేడుపిట్టలను, కౌజులను బట్టి ఊళ్లలో అమ్ముదురు. తుపాకి వారి చేతికి వచ్చినది కాదు. వారి పనిముట్లు ఉచ్చు, వల, గడ్డపార.

1801లో కర్ణాటకము కుంఫిణీవారి వశమైన తరువాత ఈ సీమ ఉత్తరార్కాడు జిల్లాలో జేరినది. (చిత్తూరు జిల్లా వేరుగా ఏర్పడినది 1911 ఏప్రిల్ 1వ తేదీన.) 1882వ సంవత్సరపు మదరాసు అటవీచట్టముతో కొండలకు ఎల్లరాళ్లు పడినవి. రిజర్వు అడవిలో నియమములకు విరుద్ధముగా వేటాడుట, చేపలు పట్టుట, ఉచ్చులొడ్డుట అన్నియు నేరములైనవి. అంతకు నాలుగేండ్లముందే, 1878లో, ఆయుధచట్టము వచ్చి తుపాకికి లైసెన్సు గావలెననెను. ఆ నిర్బంధమునుండి ఐరోపావారిని చిరకాలము మినహాయించిరి. దొరకు తుపాకి స్వతస్సిద్ధము; మనవానికి అది కలెక్టరుగారి అనుగ్రహము.

పిదప 1912వ సంవత్సరపు చట్టము, అడవిపక్షులను మృగములను సంరక్షించుటకై వచ్చినది. ఏ జంతువును ఏ నెలలలో చంపగూడదో ప్రభుత్వము ప్రకటింపవచ్చును. ఆ నిషిద్ధకాలమున పట్టుట, చంపుట మాత్రమే గాదు, అమ్ముటయు, కొనుటయు, కడకు దగ్గరనుంచుకొనుటయు నేరమే. మొదటి తప్పునకు 50 రూపాయలవరకు జుల్మానా. మరల చేసినచో ఒక నెల ఖైదు గాని, 100 రూపాయలు గాని, రెండును గాని. చట్టపుటుద్దేశము మంచిదే. గ్రుడ్లుపెట్టు వేళ పిట్టను బట్టుట పాపమని మన ముసలివారును చెప్పుదురు. కాని యీ చట్టపు పట్టికను ఒక్కసారి చూడుడు. పూరేళ్లు, కౌజులు, అడవికోళ్లు, నెమళ్లు, బాతులు, జింకలు, కుందేళ్లు అన్నియు నందున్నవి. పులి లేదు! పేదవాని కుండలోనికి పోవునది పట్టికలో జేరినది. పెద్దవారి గోడకు వ్రేలాడునది జేరలేదు. భాకరాపేట సమీపమునగల చామలలోయలో పులిని వేటాడిన కథను బెంగుళూరివాడైన కెన్నెత్ ఆండర్సను 1954లో అచ్చైన తన పుస్తకమున రసవత్తరముగా వ్రాసెను. అట్టి కథలు జనులు ముచ్చటపడి చదివిరి. కౌజులను బట్టినవాని కథ వ్రాసినవారెవరు?

అదే చట్టములో మరియొక సంగతి గలదు. తన ప్రాణమును గాపాడుకొనుటకు గాని, తన సొత్తును గాపాడుకొనుటకు గాని జంతువును జంపినచో అది నేరము గాదు. వేరుసెనగచేనిలో జింక పడిన రైతునకు ఇది గొప్ప యాధారము, న్యాయమైనదే. కాని చేను లేనివానికి ఇందేమి మిగిలినది? పంటగలవాడు పంటకొరకు చంపవచ్చును. ఆకలి మాత్రమే గలవాడు ఆకలికొరకు చంపగూడదు. చట్టము వ్రాసినవారికి ఇట్టి దురుద్దేశము ఉండెనని నేననను. వారి కన్నులకు భూమిగలవాడును, తుపాకిగలవాడును మాత్రమే కనబడిరి.

ఈ చూపు ఎక్కడిదో తెలియుటకు ఇంగ్లండు చట్టమును చూడవలెను. అక్కడ 1860వ సంవత్సరపు శాసనము ప్రకారము వేటలైసెన్సు ఏడాదికి 3 పౌన్లుగా నుండెను. వేటకాలము నడిమికి వచ్చి, నవంబరు నెల మొదలైన తరువాత కొనువానికి 2 పౌన్లే యుండెను. ఆలస్యముగా వచ్చిన పెద్దమనుష్యునికి తగ్గింపుధర! వేటకాలము ఆరంభమైన పిదప తీరిక దొరికినవాడు గూడ నష్టపోగూడదని ఎంత దయ! లైసెన్సు అనునది తన వినోదమునకు కాలమును తానే యెన్నుకొనగలవానికొరకు పుట్టినది. అచ్చటను పొలములలో కుందేళ్లకు ఉచ్చులొడ్డిన బీదకూలికి దొంగ యనియే పేరు. ఆ యచ్చులో పోసినదే మన దేశమునకును దిగుమతి యైనది. చీటి కొని తుపాకితో వచ్చువాడు షికారి. చీటిలేక వలతో వచ్చువాడు నేరస్థుడు. ఆ పిట్టను కొని వండించిన గృహస్థును చట్టము విడువలేదు; కాని మనమే ఆయనను ఎన్నడు దొంగ యనలేదు. నక్కలవాని బుట్టలోని పిట్టలను బేరమాడి కొనుచు, వాడు వీధి దాటగానే వానిని దొంగజాతి యన్న యిండ్లు మనలో లేవా?

స్వాతంత్ర్యము వచ్చిన పిదప అడవిజంతువులు వేగముగా తరిగిపోయినవి. 1972లో వన్యప్రాణిసంరక్షణచట్టము వచ్చినది. దానిని కోరి తీర్మానించిన రాష్ట్రములలో మన ఆంధ్రప్రదేశమొకటి. పులికి సంపూర్ణరక్షణ అప్పుడు గలిగినది. ఆ చట్టమున తొలుత నాలుగు విధములైన లైసెన్సులుండెను. వానిలో కడపటిది జంతువులను వలలతో, బోనులతో పట్టువానికి. ఇన్నాళ్లకు వలవానికిని ఒక చీటి యుండవచ్చునని కాగితముమీదనైన ఒప్పుకొన్నారు. కాని దానికిని దరఖాస్తు పెట్టవలెను, రుసుము కట్టవలెను, పట్టినదానికి లెక్క వ్రాయవలెను. గుడిసెలలో అక్షరమెరిగినవాడేడి? అందరికంటె ముందు లైసెన్సు గావలసినవాడే అందరికంటె కడపట కచేరీగుమ్మము చేరును. 1991లో చట్టమును సవరించి వినోదపువేటకు లైసెన్సులిచ్చుట మానిరి. అప్పటికి రెండేండ్లముందే, 1989లో, శేషాచలపు అడవులలో శ్రీవేంకటేశ్వర జాతీయోద్యానము ఏర్పడియుండెను.

ఇది మంచిదే. అడవికోడి కూత మన మనుమలును వినవలయును. షికారికి ఒక వినోదము పోయినది. అతనికి క్లబ్బు గలదు, కారు గలదు. వలవానికి పోయినది వృత్తి. దానికి మారుగా వానికేమి యియ్యవలెనో చెప్పు ప్రకరణము పై చట్టములలో దేనియందును లేదు. నక్కలవాండ్రను షెడ్యూల్డుతెగల పట్టికలో జేర్చినది 2003లో, అనగా లైసెన్సులు నిలిచిన పండ్రెండేండ్లకు. ఈలోగా వారి స్త్రీలు పూసలు, సూదులు, పిన్నీసులు బుట్టలకెత్తుకొని ఊరూర తిరుగజొచ్చిరి. తిరునాళ్లలో మనము వారియొద్ద పూసలదండ కొనునప్పుడు బేరమాడుచునే యున్నాము.