దొర
మా ఊరు దొరవారిసత్రం పేరు వినగానే “ఏ తెల్లదొర కట్టించాడు?” అంటారు కొత్తవాళ్లు. దొర మన మాటే. కన్నడంలో దొరె, తమిళంలో తురై. అర్థం ఏలిక, ప్రభువు. ఏలుబడిని దొరతనం అన్నాం. కుంపిణీ కాలంలో తెల్లవాడల్లా దొర, వాడి భార్య దొరసాని అయ్యారు. పాదిరీలనూ జనం దొరగారనే పిలిచారు. 1889లో రష్యా నుంచి బయల్దేరి వచ్చి నల్గొండలో మిషన్ నడిపిన పాదిరీ అబ్రహాం ఫ్రీసెన్ మెన్నోనైట్. 16వ శతాబ్దపు డచ్చి బోధకుడు మెన్నో సైమన్స్ పేరిట వచ్చిన క్రైస్తవ శాఖ అది. కత్తి పట్టరాదు, ఒట్టు పెట్టరాదు, ఏలుబడి పదవుల జోలికి పోరాదు అన్నది ఆ శాఖవాళ్ల పాత కట్టుబాటు. అలాంటివాళ్లు వచ్చిన తెలంగాణలో దొరంటే గడీలో కూర్చుని వెట్టి చేయించుకునేవాడు! ఇప్పుడా మాటకు మిగిలింది వెటకారమే: పొద్దెక్కాక లేచిన కొడుకుని “దొరగారికి తెల్లారిందా?” అంటుంది తల్లి.