చెరసాలలో పుట్టిన సూర్యనగరం

లోకంలో ఎక్కడా లేని నగరాలను నిర్మించిన రచయితలు పాశ్చాత్య సాహిత్యంలో పెక్కుమంది కలరు. ఆ నగరాల శాసనాలను గూర్చి, అచటి సంపద పంపకాన్ని గూర్చి విమర్శకులు విస్తారంగా చర్చించినారు. అక్కడి ప్రజలు తెల్లవారగానే ఏమి చేస్తారన్న ప్రశ్న మాత్రం అంతగా వినబడదు. ఆ ప్రశ్నకు సమాధానమిచ్చే గ్రంథం, ఇటలీ తత్త్వవేత్త తొమ్మాసో కంపనెల్లా 1602లో రచించిన ‘సూర్యనగరం’.

ఆ నగరం ఒక కొండ చుట్టూ ఏడు ప్రాకారాలతో వెలసినది. ఒక్కొక్క ఆవరణకు ఒక్కొక్క గ్రహం పేరు. శిఖరాన దేవాలయం, అందులో ఎన్నడూ ఆరిపోని ఏడు దీపాలు. ఆలయంపై నివసించే 24 మంది పురోహితులు అర్ధరాత్రి, ఉదయం, మధ్యాహ్నం, సాయంకాలం స్తోత్రాలు పాడుతారు, గ్రహగతులను కొలుస్తారు. పురజనుల విధి ఇంతకంటె సులభం. లేవగానే తల దువ్వుకొని, చల్లని నీటితో ముఖం కడుగుకొని, సువాసన గల ఆకులు నమిలి, తూర్పునకు తిరిగి మిక్కిలి చిన్న ప్రార్థన చేస్తారు. పిమ్మట వృద్ధుల సేవకు, ఊరి పనులకు, పాఠాలకు వెళ్లిపోతారు.

ఈ ఉదయాన్ని చిత్రించినవానికి స్వేచ్ఛగా ఒక ఉదయాన్ని చూచే భాగ్యం లేదు. 1568లో కలాబ్రియా సీమలో పుట్టిన ఈ సన్యాసి, స్పెయిన్ ప్రభుత్వంపై కుట్ర చేసినాడన్న నేరంపై 1599లో పట్టుబడినాడు. మరణశిక్ష తప్పించుకొనుటకు పిచ్చివానివలె నటించి, ఆ పిచ్చి నిజమో కాదో తేల్చుటకై 1601లో పెట్టిన చిత్రహింసను సుమారు 40 గంటలు సహించినాడు. మరుసటి ఏడు నేపుల్స్ చెరలో ఈ గ్రంథం పుట్టినది. 1604లో ఆయనను సెయింట్ ఎల్మో కోట నేలమాళిగలో వేసినారు. సూర్యుని నగరాన్ని నిర్మించినవాడు సూర్యుడు చొరని గుంటలో కొన్ని సంవత్సరాలు గడపవలసివచ్చినది.

తెలుగు చేయబూనినవానికి ఇక్కడ ఒక చిక్కు ఎదురవుతుంది. తూర్పుముఖంగా చేసే ప్రార్థన అనగానే ‘సంధ్యావందనం’ అన్న మాట కలం కొసకు వచ్చి నిలుస్తుంది. నేనూ ఒక చిత్తుప్రతిలో ఆ మాటే వ్రాసి, మరునాడు కొట్టివేసినాను. ఆ మాట వెంట అర్ఘ్యము, గాయత్రి తప్పక నడచివస్తవి. సూర్యనగరవాసులు సూర్యుని దైవంగా పూజించరు. దైవానికి సజీవ ప్రతిమ అని గౌరవిస్తారు. ‘ఉదయ ప్రార్థన’ అన్న రుచి తక్కువ మాటే ఇక్కడ న్యాయమైన మాట.

మన దేశంతో ఈ గ్రంథానికి సంబంధం లేకపోలేదు. జెనోవా నావికుడు ఆ నగరాన్ని తప్రొబానె ద్వీపంలో చూచినానంటాడు. సింహళానికి ప్రాచీన యవనులు వాడిన పేరది. నగరవాసుల పూర్వులు మొగలుల విధ్వంసానికి వెరచి హిందూదేశం నుండి పారివచ్చిన తాత్త్వికులని కూడా చెబుతాడు. ఆ 1602లో ఆగ్రాలో రాజ్యమేలుతున్న మొగలు చక్రవర్తి అక్బరు. ఆయన దినానికి నాలుగు మారులు సూర్యునికి ప్రార్థన చేసేవాడనీ, సూర్యుని 1001 సంస్కృత నామాలు జపించేవాడనీ బదాయూనీ తన చరిత్రలో ఆక్షేపణగా వ్రాసినాడు. విధ్వంసకులని కంపనెల్లా పేర్కొన్న వంశంలోనే, ఆయన ఊహించినదానికి సన్నిహితమైన ఆచారం అప్పటికే నడుస్తున్నది! ఈ పోలికను చూచి ఒకరు మరొకరి నుండి గ్రహించినారనుట తొందరపాటు. దూరదేశాన్ని గూర్చిన వదంతి ఎంత తప్పుగా చేరగలదో మాత్రం ఇది తెలుపుతుంది.

గ్రంథం 1623లో ఫ్రాంక్‌ఫర్ట్‌లో లాటిన్ భాషలో అచ్చయినది. 1626లో నేపుల్స్ చెర వీడి కంపనెల్లా రోము చేరినాడు. గ్రహణాల వలన తనకు మరణం కలుగుతుందన్న జోస్యాలు విని అప్పటి పోపు ఎనిమిదవ అర్బన్ భయపడుతున్న కాలమది. 1628లో వారిద్దరూ బయటి గాలి చొరకుండా మూసిన గదిలో తెల్లని పట్టుతెరల నడుమ కూర్చుండి, సూర్యచంద్రులకు రెండు దీపాలు, తక్కిన గ్రహాలకు ఐదు కాగడాలు వెలిగించినారు. దోషం పట్టిన ఆకాశానికి బదులు గదిలో నిర్దోషమైన ఆకాశాన్ని నిలుపుట ఆ క్రతువు ఉద్దేశం. మరుసటి ఏడు కంపనెల్లాకు పూర్ణస్వేచ్ఛ లభించినది. 1639లో పారిస్‌లో మరొక గ్రహణానికి జంకి తనకొరకే ఆ క్రతువు చేసుకొన్నాడంటారు. గ్రహణం రాకముందే మే నెలలో మరణించినాడు.

కొండపై వెలిగిన ఏడు దీపాలే రోములో మూసిన తలుపుల వెనుకకు వచ్చినవి. ఊరందరికీ చెందిన వెలుగు ఒక ప్రభువు భయానికి కాపలా కాసినది. ఆ బీజం సూర్యనగరంలోనే ఉన్నదనక తప్పదు. దంపతుల కలయికకు సైతం అక్కడ జ్యోతిష్కులే ముహూర్తం నిర్ణయిస్తారు. అయినను ఆ గ్రంథంలో నన్ను మరల మరల పిలిచేవి ఏడు దీపాలు కావు. ముఖం కడుగుకొని, తూర్పునకు తిరిగి రెండు మాటలు పలికి, ముసలివారి పనికి వెళ్లే ఆ మనుష్యులు. చెరలోని కంపనెల్లాకు దక్కని ఉదయం అదే.