‘డ్యూన్’ లోకంలో శబ్దశక్తి

ఫ్రాంక్ హెర్బర్ట్ 1965 నాటి నవల ‘డ్యూన్’లో ‘వియర్డింగ్’ అంటే ఒంటితో చేసే యుద్ధవిద్య. 1984లో డేవిడ్ లించ్ సినిమాగా తీసినప్పుడు దాన్నొక యంత్రంగా మార్చాడు. కొన్ని శబ్దాలు పలికితే చాలు, యంత్రం వాటిని దెబ్బగా మార్చి రాళ్ళు పగలగొడుతుంది. కథానాయకుడి మారుపేరు ‘మువద్‌దిబ్’ కూడా ఆయుధమే! మంత్రం చదివి బాణం వేసే పౌరాణిక సినిమాలు చూసి పెరిగిన మనకు ఇదేమంత వింత కాదు లెండి.

నేను సరదాకి లెక్క వేశాను. మామూలు మాటల్లో మన గొంతునుంచి వెలువడే శబ్దశక్తి సెకనుకు సుమారు 10 మైక్రోజౌల్స్. పావు లీటరు నీళ్ళు 20 డిగ్రీల నుంచి మరుగు దాకా రావాలంటే దాదాపు 84 వేల జౌల్స్ కావాలి. అంటే ఒక కప్పు టీ నీళ్ళకి, కొంచెం వేడి కూడా వృథా కాకపోయినా, 260 ఏళ్ళకు పైగా ఆపకుండా మాట్లాడాలి! కనుక రాయిని పగలగొట్టే శక్తి యంత్రంలోనే ఉండాలి, గొంతు దానికి మీట మాత్రమే. ఆ శక్తి ఎక్కడిదో సినిమా చెప్పదు.

నవలలో ‘వాయిస్’ అనే మరో విద్య ఉంది. బెనె జెసెరిట్ స్త్రీలు ఎదుటివాడి స్వభావం కనిపెట్టి, దానికి తగ్గట్టు స్వరం మార్చి ఆజ్ఞాపిస్తారు. వాడు కాదనలేడు. పని చేసేది వినేవాడి మెదడు కాబట్టి దీనికి ఆ కొద్దిపాటి శక్తే చాలు. నాకు ఇదే నమ్మదగ్గదిగా తోస్తుంది. 2021 సినిమాలో డెనీ విల్నెవ్ కూడా యంత్రాన్ని వదిలేసి ‘వాయిస్’నే ఉంచుకున్నాడు.