చెలితో చెప్పుకున్న విరహం

కృష్ణా జిల్లా మొవ్వలో వేణుగోపాలస్వామి గుడి ఉంది. 17వ శతాబ్దంలో ఆ స్వామినే మువ్వగోపాలుడని పిలుచుకుంటూ క్షేత్రయ్య పదాలు కట్టాడు. మధురలో తిరుమల నాయకుడి కొలువులో 2000, తంజావూరులో విజయరాఘవ నాయకుడి దగ్గర 1000, గోలకొండ పాదుషా దగ్గర 1500 పదాలు చెప్పానని ఒక పదంలో ఆయనే లెక్క చెప్పుకున్నాడు. మనకు దక్కినవి కొన్ని వందలే. వాటిలోనూ ఎక్కువ భాగం ఒక స్త్రీ తన చెలికత్తెతో ఆడే మాటలు. రాత్రంతా కాచుకున్నా రాలేదని ఒకతె కుములుతుంది. వచ్చినవాడు మరొకతె పేరు పలికాడని ఇంకొకతె మండిపడుతుంది. కోపంలో పొమ్మన్నాను, ఇప్పుడేం చేసేదే అని మరొకతె చేతులు నలుపుకుంటుంది.

ప్రేమలో దెబ్బతిన్న మనిషికి తెలుగువాళ్లు ఏం ఊరట కల్పించారని పాత పుస్తకాల్లో, పాత పాటల్లో వెతికితే, ఎదురుగా కూర్చుని వినే ఒక మనిషి కనిపిస్తుంది. పదాల్లో ఆమెకు పేరుండదు. చాలాచోట్ల ఒక్క మాటా మాట్లాడదు. అయినా ఆమె లేకపోతే పదమే లేదు.

అలంకార శాస్త్రం నాయికల్ని ఎనిమిది రకాలుగా చెప్పింది. అందులో ఐదుగురి కథ బాధే: ఎదురుచూసి వేగిపోయే విరహోత్కంఠిత, సంకేతస్థలానికి వెళ్లి మోసపోయిన విప్రలబ్ధ, ప్రియుడు మరొకతె దగ్గర రాత్రి గడిపి వస్తే నిలదీసే ఖండిత, తగవు పెట్టుకుని తరవాత ఏడ్చే కలహాంతరిత, దూరదేశం వెళ్లినవాడి కోసం చిక్కిపోయే ప్రోషితభర్తృక. వీళ్లలో ఎవరి బాధ ఎలాంటిదో విడదీసి చూడటమే ఒక ఆదరణ. మోసపోయినదాని దుఃఖమూ, తొందరపడి పొమ్మన్నదాని దుఃఖమూ ఒకటి కావని ఆ లాక్షణికులకు తెలుసు.

ఈ పదాలను మూడు వందల ఏళ్లు మోసుకొచ్చింది కళావంతులు, దేవదాసీలు. పదం పాడే తీరే వేరు. చౌకకాలంలో, అంటే బాగా నెమ్మదిగా, ముఖారిలోనో ఘంటారాగంలోనో పల్లవి ఎత్తుకుంటారు. అభినయించే మనిషి లేచి గంతులు వేయదు. చాప మీద కూర్చునే అభినయం పట్టగలదు. తెల్లవారాక వచ్చిన ప్రియుడిని చూసే ఖండితను తీసుకోండి. గాయని ఒకే పాదాన్ని మళ్లీ మళ్లీ పాడుతుంటే, మొదటిసారి ఆమె చూపు అతని నిద్రలేని కళ్ల మీద ఆగుతుంది. రెండోసారి నుదుట అంటిన లత్తుక మీదకు వెళుతుంది. అది ఎవరి పాదానిదో, ఎవరి కాళ్లు పట్టుకుంటే అంటిందో ఆమెకు అర్థమవుతుంది. మూడోసారి పెదవుల మీద చిన్న నవ్వు. నాలుగోసారి ముఖం చెలి వైపు తిరుగుతుంది, అప్పుడు కన్నీరు. మాట అదే, మనసు మాత్రం నాలుగు మెట్లు దిగింది. బాధను ఇంత ఓపికగా తడిమిచూసే కళ మన దగ్గర మరొకటి లేదనిపిస్తుంది.

ఆ ఇళ్లలో పుట్టినదే ముద్దుపళని. 18వ శతాబ్దంలో తంజావూరును పాలించిన మరాఠా రాజు ప్రతాపసింహుడి కొలువులో ఆమె కవయిత్రి. కవులు తండ్రి తాతల పేర్లు చెప్పుకునే చోట ఆమె అవ్వ తంజనాయకిని తలుచుకుంది. ఆమె రాసిన 'రాధికా సాంత్వనము' నాలుగు ఆశ్వాసాల శృంగార ప్రబంధం, 584 పద్యాలు. రాధ ఇళ అనే పిల్లను చిన్నప్పటి నుంచి పెంచి, పెద్దదాన్ని చేసి, తానే ముందుండి కృష్ణుడికిచ్చి పెళ్లి చేస్తుంది. కొత్త పెళ్లికూతురికి బుద్ధులు చెబుతుంది, కృష్ణుడికీ చెబుతుంది. వాళ్లిద్దరూ ఒకటయ్యాక తాను ఒంటరిగా మిగిలానని అప్పుడు తెలిసొస్తుంది. తానే చేసిన పని, తానే పెంచిన పిల్ల, ఎవరినని నిందించాలి? ఇంత చిక్కుపడిన దుఃఖాన్ని కావ్యవస్తువు చేయడానికి చాలా ధైర్యం కావాలి. రాధ అలుగుతుంది, తిడుతుంది, చిలుకను రాయబారం పంపుతుంది. చివరికి కృష్ణుడే వచ్చి, కాళ్ల మీద పడి ఓదార్చాల్సి వస్తుంది. వయసు మళ్లుతున్న స్త్రీకి కూడా ఆ ఓదార్పు అందాలనడంలోనే ముద్దుపళని గొప్పతనం ఉంది.

తర్వాతి కాలం ఆమెను క్షమించలేదు. కందుకూరి వీరేశలింగం తన కవుల చరిత్రలో ఆ కావ్యాన్ని బూతని తీసిపారేశారు. ఎన్నో విషయాల్లో స్త్రీల పక్షాన నిలిచిన మనిషి ఇక్కడ నిలవలేకపోయారు. బెంగుళూరు నాగరత్నమ్మ ఊరుకోలేదు. ఆమె కూడా దేవదాసీ కుటుంబంలో పుట్టి, గాయనిగా, పండితురాలిగా పేరు తెచ్చుకున్న మనిషి. అంతకుముందు అచ్చయిన ప్రతిలో పద్యాలు కొన్ని ఎగిరిపోయాయని గుర్తించి, రాతప్రతి సంపాదించి, 1910లో వావిళ్ల వారిచేత పూర్తి పుస్తకం అచ్చు వేయించారు. పీఠికలో వీరేశలింగం పంతులుగారిని నేరుగా అడిగారు: సిగ్గు ఆడవాళ్లకేనా, మగకవులు రాసిన శృంగారం మాత్రం ఎలా చెల్లింది అని. 1911లో బ్రిటిష్ ప్రభుత్వం ఆ పుస్తకం అశ్లీలమని నిషేధించింది. ప్రతులు జప్తయ్యాయి. టంగుటూరి ప్రకాశం మద్రాసు రాష్ట్ర ప్రధాని అయ్యాకే ఆ నిషేధం తొలగింది. 1952లో వావిళ్ల వారు మళ్లీ అచ్చు వేశారు. నాగరత్నమ్మ కన్నుమూసిందీ ఆ ఏడాదే.

ఆడపిల్లల్ని గుడికి అంకితమిచ్చే ఆచారాన్ని 1947లో మద్రాసు రాష్ట్రం చట్టం చేసి ఆపింది. ఆ ఆచారం కింద నలిగిన పిల్లల బతుకు తెలిసినవాళ్లెవరూ దాన్ని తప్పనరు. కానీ పరువు పోతుందన్న భయం పాటను కూడా పట్టుకుంది. గోదావరి జిల్లాల్లో కళావంతుల ఇళ్లలోని పెద్ద ఆడవాళ్లు పదాలను బయట పాడటం మానేసి, నాలుగు గోడల మధ్య తమలో తాము పాడుకున్నారని, అభినయించుకున్నారని పరిశోధకుడు దవేశ్ సోనేజీ వివరంగా రాశారు. మద్రాసులో వీణ ధనమ్మాళ్ శుక్రవారం సాయంత్రాలు తన ఇంట్లో వాయించే పదాలు వినడానికి పెద్ద పెద్ద విద్వాంసులు వచ్చి కూర్చునేవారు. ఆమె మనుమరాళ్లు బృంద, ముక్త, బాలసరస్వతి ఆ సంపదను నిలబెట్టారు. క్షేత్రయ్య తెలుగు ఇవాళ సరైన గమకంతో వినిపిస్తోందంటే తమిళదేశంలోని ఆ ఒక్క ఇంటికి మనం చాలా రుణపడి ఉన్నాం.

అదే కాలంలో తెలుగువాడి మనసులో విరహానికి ముఖం మారిపోయింది. 1953లో 'దేవదాసు' సినిమా వచ్చింది. అక్కినేని, సావిత్రి నటన, సుబ్బరామన్ సంగీతం మూడు తరాలను ఏడిపించాయి. విరహమంటే గడ్డం, సీసా, దగ్గు అని స్థిరపడింది. ఆ కథలోనూ వినే మనిషి ఉంది, ఆమె చంద్రముఖి. వేశ్య అని మొదట అతడు ఈసడించుకున్న ఆ మనిషే అతనికి సేవ చేస్తుంది. క్షేత్రయ్య నాయికయితే ఆమె ముందు కూర్చుని అన్నీ చెప్పుకునేది, తిట్టుకునేది, తెల్లారేసరికి కాస్త తేరుకునేది. దేవదాసు సీసా వదల్లేదు.

ఆ సినిమా తీసిన వేదాంతం రాఘవయ్య కూచిపూడి మనిషి. కూచిపూడి మొవ్వకు పక్క ఊరే. ఆ ఊరి ప్రాణం సిద్ధేంద్రయోగి పేరు మీద చెలామణి అయ్యే భామాకలాపం. తెర మీదుగా జడ వేసి సవాలు విసిరిన సత్యభామ, కృష్ణుడితో తగవు పడ్డాక మాధవిని పిలిచి మొర పెట్టుకుంటుంది. సూత్రధారుడే మాధవి అవుతాడు. ఈ చెలి మాట్లాడుతుంది, మాట్లాడటమేమిటి, ఏడిపిస్తుంది. నీ మొగుడి పేరేమిటి చెప్పు అంటుంది. సిగ్గుపడుతూ సత్య తిప్పి తిప్పి చెబుతుంటే అర్థం కానట్టు నటిస్తుంది. ఉత్తరం పట్టుకెళ్లాలంటే నగ ఇమ్మంటుంది. ఏడుస్తున్న మనిషిని నవ్వించి, కోపం తెప్పించి, మెల్లగా ఉత్తరం రాసే స్థితికి తెస్తుంది. వేదాంతం సత్యనారాయణ శర్మ సత్యభామ వేషం కట్టిన రోజుల్లో జనం తెల్లవార్లూ కూర్చుని చూసిన ఆట ఇది.

ఇప్పుడు సభల్లో ఎక్కువగా కనిపించేది సత్యభామ ప్రవేశ దరువు ఒక్కటే. ఒక్క నర్తకి, పది నిమిషాలు, చప్పట్లు. వేళ చాలదని మాధవితో సంభాషణ తీసేస్తున్నారు. సభల నిర్వాహకులు ఏడాదికి ఒక్క రాత్రయినా ఆ సంభాషణకు పూర్తి వేళ ఇవ్వాలి. సూత్రధారుడి మాటకారితనం తెలిసిన పెద్దలు కూచిపూడిలో ఉండగానే ఆ పని జరగాలి.