వంద మంది మండలి: బార్సిలోనా చెప్పే పాఠం

స్థానిక పాలన ప్రశ్న రాగానే మన ఆన్సర్ రిపన్ 1882 తీర్మానంతో మొదలై 74వ సవరణతో ముగుస్తుంది. ఈసారి స్పెయిన్‌లోని బార్సిలోనా చూద్దాం.

1265లో మొదటి జేమ్స్ రాజు కాలంలో అక్కడ ‘కొన్సెల్ దె సెంట్’, అంటే వంద మంది మండలి ఏర్పడింది. దాదాపు 450 ఏళ్లు నగరాన్ని నడిపింది. స్పానిష్ వారసత్వ యుద్ధంలో 1714 సెప్టెంబరు 11న నగరం ఐదో ఫిలిప్ సేనల చేతికి చిక్కగానే రద్దయింది. తర్వాత రాజు నియమించినవారే పాలకులు. 20వ శతాబ్దంలో ఫ్రాంకో హయాంలోనూ మేయర్లు నియమితులే.

1978 రాజ్యాంగం 140వ అధికరణలో మున్సిపాలిటీల స్వయంప్రతిపత్తికి హామీ ఇచ్చింది. 1979 ఏప్రిల్ 3న ఎన్నికలు జరిగాయి. నేడు ప్రజలు ఎన్నుకున్న 41 మంది కౌన్సిలర్లే మేయర్‌ను ఎన్నుకుంటారు.

ఎంత పాత సంస్థకైనా వయసు రక్షణ కాదు, రాజ్యాంగమే రక్షణ. అయితే రాత ఒక్కటే చాలదు. 243యు అధికరణ ప్రకారం ఐదేళ్ల గడువు ముగిసేలోపే ఎన్నికలు జరగాలి. అయినా 2022 మార్చిలో గడువు తీరిన ముంబయి కార్పొరేషన్‌ను మూడేళ్లకు పైగా అధికారే నడిపారు. రాజు పోయినా నియామకం పోలేదు. మెయిన్స్‌లో రాయాల్సిన పాయింట్ ఇదే.