రెండు జుబాన్‌ల ఆలిమ్

జుబాన్‌కి మజహబ్ ఉంటుందా? ఉంటుందనుకునేవాళ్లకి మా జియాన్ జిందగీయే జవాబు.

1906లో చైనాలోని యునాన్ రాష్ట్రం, షాదియాన్‌లో పుట్టారాయన. హుయీ ముసల్మాన్. హుయీల ఇళ్లల్లో మాట చైనీస్, నమాజు అరబీ. తాలీమ్ కోసం 1931లో కైరో వెళ్లి అల్-అజహర్‌లో చదివారు. నేర్చుకోవడంతో ఆగలేదు. కన్ఫ్యూషియస్ మాటల కితాబ్ 'లున్‌యు'ని అరబీలోకి తర్జుమా చేశారు. 1935లో అది కైరోలోనే అచ్చయింది. తన వతన్ తహజీబ్‌ని అరబ్బులకి ఒక ముసల్మానే పరిచయం చేశాడన్నమాట! ముహమ్మద్ అబ్దుహూ రాసిన 'రిసాలతుత్ తౌహీద్'ని చైనీస్‌లోకి తెచ్చిందీ ఆయనే.

1939లో వతన్ చేరారు. 1946 నుంచి పెకింగ్ యూనివర్సిటీలో అరబీ నేర్పారు. ఖురాన్‌ని మామూలు జనం మాట్లాడే చైనీస్‌లోకి తేవడానికి ఏళ్లకేళ్లు మెహనత్ చేశారు.

అంత చేసినా హుయీల మీద షక్ పోలేదు. 1975లో ఆయన పుట్టిన షాదియాన్ మీదే సొంత దేశపు ఫౌజు విరుచుకుపడింది. వెయ్యి మందికి పైగా చనిపోయారు. మూడేళ్లకి, 1978లో, మా జియాన్ ఇంతెకాల్ అయ్యారు. ఆయన ఖురాన్ తర్జుమా పూర్తిగా అచ్చయింది 1981లో. ఆ కితాబ్‌ని ఆయన కళ్లు చూడలేదు.

"సాయిబులు కదా, తెలుగెలా వచ్చింది?" అని ఎవరైనా అడిగినప్పుడల్లా నాకు ఆయనే యాదికొస్తారు. ఒక జుబాన్‌లో దువా, ఇంకో జుబాన్‌లో జిందగీ. ఆయనకి రెండూ సొంతమే. నాకూ అంతే.