‘కులీన్ కాంత’ (1925): ముగియని విచారణ - మూకీ చిత్రం

భారతీయ మూకీ చిత్రాలను కేవలం పౌరాణిక పరంపరగా పరిగణించడం పరిపాటి. ఆ పరిగణనలో ఇమడని చిత్రం ‘కులీన్ కాంత’. బొంబాయి కోహినూర్ సంస్థ నిర్మించగా హోమీ మాస్టర్ 1925లో దర్శకత్వం వహించిన ఈ చిత్రానికి ఆ ఏడే జరిగిన బావ్లా హత్యోదంతం ఆధారం.

1925 జనవరి 12న బొంబాయి మలబార్ హిల్‌పై కారులో వెళ్తున్న వర్తకుడు అబ్దుల్ ఖాదర్ బావ్లాను దుండగులు కాల్చి చంపారు. ఆయన వెంట ఉన్న ముంతాజ్ బేగం ముఖంపై కత్తిగాట్లు పడ్డాయి. ఆమె ఇండోర్ రాజాస్థానాన్ని విడిచివచ్చిన నర్తకి. గోల్ఫ్ ఆడి తిరిగివస్తున్న బ్రిటిష్ సైనికాధికారులు అడ్డుపడడంతో ఆమె బ్రతికింది. న్యాయస్థానం ముగ్గురికి మరణశిక్ష విధించింది. నిందితులలో ఒకరి పక్షాన జిన్నా వాదించారు.

చేసినవారికి శిక్ష పడింది. చేయించినవారెవరన్న ప్రశ్న మాత్రం తేలలేదు. సంస్థానాధీశులు బ్రిటిష్ ఇండియా న్యాయస్థానాల పరిధిలోకి రారు. విచారణ సంఘాన్ని ఎదుర్కోవడమా, గద్దె దిగడమా అన్న ఎంపిక ఎదురైనప్పుడు ఇండోర్ పాలకుడు మూడవ తుకోజీరావు హోల్కర్ 1926లో సింహాసనాన్ని త్యజించారు. అందువల్ల ఆ విచారణ జరుగనేలేదు.

చిత్రం ఈ పదవీత్యాగానికి ముందటిది. అనగా, ప్రశ్న సజీవంగా ఉన్న కాలంలోనే అది ప్రజల ముందుకు వచ్చింది. ‘కులీన్ కాంత’ అన్న శీర్షికలో ఇండోర్ ప్రస్తావన లేదు. వ్యక్తుల పేర్లూ లేవు. 1918 సినిమాటోగ్రాఫ్ చట్టం అమలులో ఉన్న రోజులవి. పత్రికలు చదివిన ప్రేక్షకునికి ఆ పేర్లను ఎవరూ చెప్పనవసరం లేదు.

ఇదే దశకంలో తెలుగువారి మూకీ కృషి భిన్నమార్గంలో సాగింది. రఘుపతి వెంకయ్య, ప్రకాశ్‌ల ‘భీష్మప్రతిజ్ఞ’ (1921) పౌరాణికం. తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ (1932) సైతం అంతే. సమకాలీన సమాజం తెలుగు తెరపై బలంగా నిలిచింది 1930ల చివరి సంవత్సరాలలోనే. కడప జిల్లా పులివెందుల ప్రాంతంలోని కొత్తపల్లిలో 1908లో జన్మించిన బి.ఎన్. రెడ్డి ‘వందేమాతరం’ (1939) నిరుద్యోగాన్నీ, వరకట్నాన్నీ ఇతివృత్తంగా స్వీకరించింది.

అయితే ఈ రెండింటి మధ్య అంతరం కాలానికి మాత్రమే పరిమితం కాదు. సాంఘిక చిత్రం దురాచారాన్ని ప్రశ్నించింది. ‘కులీన్ కాంత’ ఆధారపడిన ఉదంతం అధికారపీఠాన్నే ప్రశ్నించింది. మన మూకీ చిత్రాలలో అధికభాగం నేడు లభ్యం కాకపోవడం వలన నష్టపోయినది కళాచరిత్ర ఒక్కటే కాదు; న్యాయస్థానం అడుగలేని ప్రశ్నను ప్రజలు ఏ రూపంలో చూశారో తెలిపే సాక్ష్యం కూడా.